లోపల ఎవరైనా ఉన్నారా?

“పోశాను. బక్కెట్టు నిండా కలిపి పోశాను. ఇంకా సిమెంటు మిగిలుంటే వంటింటి తూములో కూడా పోసేవాణ్ణి.”

లాకప్ ఊచల వెనక గోడకి ఆనుకుని కూర్చున్న మేస్త్రి ఆ మాట అనగానే, నా పక్కన నిలబడ్డ ఇన్‌స్పెక్టరు గర్వంగా నా వైపు చూశాడు. ఒప్పేసుకున్నాడు కదా, ఇంకా నీకిక్కడేం పని అన్నట్టుంది ఆ చూపు. మేమిద్దరం ఒకే ఏడాది పోలీసు ఉద్యోగంలో చేరినవాళ్ళం. తప్పుడు కేసు ఫైలు మీద సంతకం పెట్టమంటే నేను దాన్ని పై అధికారి బల్ల మీద విసిరేసి బయటికొచ్చాను. అతను అదే ఫైలు ఏరుకుని, దుమ్ము దులిపి, సంతకం పెట్టి ఇన్‌స్పెక్టరయ్యాడు. ఎంత ఎండలోనూ ముడత పడని ఆ యూనిఫాం చూసి స్టేషన్లో అందరూ చాటుగా అతన్ని ‘ఇస్త్రీ’ అంటారు. ఆ పేరు పెట్టింది నేనే.

“ఎందుకు పోశావు?” అని మేస్త్రిని అడిగాను.

“ఎందుకేంటమ్మా? ఆ ఇల్లు నా చేతుల్తో కట్టుకున్నా. పరంజా మీంచి పడి నడుం విరిగాక బ్యాంకు అప్పు వాయిదాలు కట్టలేకపోయా. కోర్టు దాకా పోయింది. సరే, తీసుకోండన్నా. కానీ ఆ రికవరీ ఆఫీసరు ముందురోజు ఇల్లు చూడ్డానికొచ్చి, బాత్రూంలో నిలబడి, ‘పలకలు భలే పరిచావయ్యా, కొనేవాళ్ళు సంబరపడతారు’ అన్నాడు. నన్ను మెచ్చుకున్నాడమ్మా! అప్పుడే అనుకున్నా. ఇందులో ఎవడు నీళ్ళు పోసుకున్నా ఆ మురికినీళ్ళలోనే మునగాలని.”

“మనసులో అనుకుని ఊరుకోలేదు మేడమ్ గారూ,” ఇస్త్రీ అందుకున్నాడు. “సోమవారం వీళ్ళని బయటికి పంపుతుంటే, వీధంతా వింటుండగా, ‘ఈ ఇంట్లో నీళ్ళు పోసుకున్నవాడికి అవే ఆఖరి నీళ్ళు’ అని అరిచాడు. నిన్న గురువారం తలుపు తీస్తే, అదే ఆఫీసరు అదే బాత్రూంలో ఒంటినిండా సబ్బుతో శవమై పడున్నాడు. గ్యాసు హీటరు పొగగొట్టం ఊడదీసుంది. కిటికీ మూసుంది. ఊపిరాడక పోయాడని డాక్టరు అన్నాడు. ఇంకేం కావాలి?”

“పొగగొట్టం నేను ముట్టుకోలేదు,” అన్నాడు మేస్త్రి. “చంపాలనుకుంటే చాటుగా ఎందుకు చంపుతా? ఎదురుగా నిలబడి తాపీతో కొట్టి చంపేవాణ్ణి.”

“రాసుకున్నారా?” అని ఇస్త్రీ కానిస్టేబుల్ని అడిగాడు.

“మేస్త్రీ, నీకు సాయం చెయ్యడానికొచ్చినవాళ్ళ కాళ్ళకి అడ్డం పడకు,” అని కసిరాను. “సిమెంటు సంగతి మాత్రం చెప్పు. వరసగా చెప్పు.”

“సోమవారం తెల్లారకముందే పెరట్లో కలిపా. తెచ్చి బాత్రూం తూములో పోశా. పైన, చుట్టూ పొడి సిమెంటు చల్లి జాలీ పెట్టేశా. చెమ్మ పీల్చుకుని తొందరగా బిగుస్తుందని. కోర్టువాళ్ళు వచ్చేసరికి రాయి అయిపోయింది.”

ఇస్త్రీ నన్ను గుమ్మం దాకా సాగనంపాడు. మర్యాదకి కాదు, ఆఖరి మాట తనదే కావాలని.

“సాయంత్రం వీణ్ణి మేజిస్ట్రేటు ముందు పెడతాను. రేపు, ఎల్లుండి కోర్టుకి సెలవులు. ఇవాళ రిమాండు పడిందంటే కేసు తేలేదాకా లోపలే. నడుం విరిగినవాడు, జైలు నేల మీద ఎన్నాళ్ళు పడుకుంటాడో చూద్దాం. నాకు మిగిలిన పని ఒక్కటే, వేలం పాటగాడి సంతకం. నిన్న తలుపు తీసినప్పుడు కోర్టు అమీనా, తాళాలాయన, పాటగాడు ముగ్గురూ ఉన్నారు. మిగతా ఇద్దరూ వాంగ్మూలం ఇచ్చేశారు. వాడే పొద్దున్నుంచి ఫోను ఎత్తట్లేదు.”

“నేను ఇల్లు చూడాలి.”

“చూసుకో. తాళాలాయన్ని పంపిస్తా. నువ్వు చూసొచ్చేలోపు నేను భోంచేసొస్తా.”

బయట బల్ల మీద మేస్త్రి భార్య కూర్చుని ఉంది. పోలీసు ఉద్యోగం వదిలాక ఇలాంటి కేసులు సొంతంగా చూస్తుంటానని తెలిసి, నన్ను పిలిపించింది ఆవిడే. నన్ను చూడగానే లేచింది.

“ఏమన్నాడక్కా?”

“సిమెంటు పోశానన్నాడు.”

“నాకు మాటమాత్రం చెప్పలేదు చూడు. చెప్పుంటే ఇంకో బక్కెట్టు నేనే కలిపిచ్చేదాన్ని.” కొంగు బిగించి నడుంలో దోపుకుంది. “నీ దగ్గర దాపరికం ఎందుకు? ఆ ఆఫీసరు పోయాడని తెలిస్తే నాకు కడుపు చల్లబడింది. హీటరు గోడకి బిగించుంది కాబట్టి అది ఇంట్లో భాగమన్నాడు, సరే. దానికి తగిలించిన సిలిండరు కూడా భాగమేనని వదిలేసి పొమ్మన్నాడు. అలాంటివాడి కోసం ఏడవమంటే ఏడవలేను. కానీ మా ఆయన ఆ పని చెయ్యలేదు. ఆయనకి కోపమొస్తే పదిమందికీ తెలుస్తుంది. గుట్టుగా చెయ్యడం ఆయనకి చేతకాదు.”

ఆ మాట నేనూ నమ్మాను. దారిలో నడుస్తూ పాటగాడి గురించి అడిగాను.

“మా ఇల్లు పాడుకున్నవాడు. ఈ చుట్టుపక్కల ఏ ఇల్లు వేలానికొచ్చినా వాడొక్కడే పాట పాడతాడు. రెండోవాడు నోరెత్తడు. వాడూ, ఆఫీసరూ ఒకే బండి మీద తిరిగేవాళ్ళు. ‘వాయిదా ఆలస్యమైతే కంగారుపడకమ్మా, నేను చూసుకుంటా’ అని ఆఫీసరు తియ్యగా చెబుతాడు. మనం నమ్మి ఊరుకుంటాం. ఆర్నెల్లకి కోర్టు కాగితం వస్తుంది.” వీధి మలుపు తిరుగుతూ మళ్ళీ అంది. “ఆ రోజు మాతో మనిషిలా మాట్లాడింది అమీనా గారొక్కరే. ‘తొందరేం లేదమ్మా, గదిగదీ చూసుకో, ఏదీ మర్చిపోకు’ అన్నారు. అయినా బీరువా ఒకటి మిగిలిపోయింది. మేం అద్దెకి తీసుకున్న గది గుమ్మంలో పట్టదది. అందరూ వెళ్ళిపోయాక కూలీలను బతిమాలి పెరట్లో పెట్టించా. ఆ రాత్రే వాన. తుప్పు పట్టుంటుంది ఈపాటికి.”

అమీనా అంటే కోర్టు హుకుం చేతపట్టుకుని ఇల్లు ఖాళీ చేయించి, కొత్త తాళం వేయించి, లక్కతో సీలు వేసే ఉద్యోగి. అందరూ తిట్టుకునే ఉద్యోగం. ఈ అమీనాని మాత్రం ఇల్లు పోయినవాళ్ళు కూడా తిట్టరు.

ఇంటి దగ్గర తాళాలాయన మాకోసం కాచుకుని ఉన్నాడు. కోర్టు స్వాధీనం చేసుకునే ప్రతి ఇంటికీ తాళం మార్చేది అతనే. చేతులు ఎంత చురుకో నోరు అంతకన్నా చురుకు. మేస్త్రి భార్యని లోపలికి రానివ్వకూడదని ఇస్త్రీ హుకుం, అందుకని ఆవిడ గేటు దగ్గరే ఆగింది. తను తుడిచి, కడిగి, కాపురం చేసిన ఇంటి ముందు అలా చేతులు కట్టుకుని నిలబడాల్సి వచ్చినందుకు ఇస్త్రీని మనసులో నాలుగు తిట్టాను.

“సోమవారం నుంచి చెప్పు,” అన్నాను తాళాలాయనతో.

“చెప్పేదేముందమ్మా. వీళ్ళ సామాను బయటపెట్టారు. నేను తాళం మార్చా. ఒక తాళంచెవి కోర్టుకి, ఒకటి ఆఫీసరుకి. అమీనా గారు పిలిచారు, సీలు వేశారు, వెళ్ళిపోయాం.”

“పిలవడమేమిటి?”

తాళాలాయన నవ్వాడు. “అది ఆయన అలవాటు. సీలు వేసేముందు గుమ్మంలో నిలబడి, ‘లోపల ఎవరైనా ఉన్నారా?’ అని మూడుసార్లు గట్టిగా పిలుస్తారు. ఇల్లు బోసిపోయి కనిపిస్తున్నా సరే. దయ్యాలకి కూడా నోటీసిస్తున్నారా గురువుగారూ అని మేం ఏడిపిస్తాం. ఆయన మాత్రం మానరు. ఇవాళ పొద్దున మాత్రం మర్చిపోయారు, పాపం. వయసు మీద పడుతోంది.”

“ఇవాళెక్కడ?”

“మూడు వీధుల అవతల. ఆ ఇంటివాళ్ళు నెల కిందటే తాళంచెవి కోర్టులో ఇచ్చేసి పోయారు, ఏ గొడవా లేదు. మేం వెళ్ళేసరికే ఆయన లోపలంతా చూసొచ్చి గుమ్మంలో నిలబడున్నారు. తాళం మార్చగానే సీలు వేసేశారు. పిలవలేదేంటి గురువుగారూ అంటే, పదవయ్యా పద అన్నారు.”

అప్పుడు ఆ మాట నా చెవిలో పడింది గానీ బుర్రకెక్కలేదు. ముందు గదిలోకి వెళ్ళాను.

గది ఊడ్చినట్టుంది. గోడలకి మేకులు, మేకుల కింద పటాలున్న చోట తెల్లటి చదరాలు. కిటికీ అరుగు మీద పలచగా దుమ్ము, ఆ దుమ్ములో పక్కపక్కనే రెండు గుండ్రటి మరకలు. వేలితో తడిమి వాసన చూశాను. టీ. ఖాళీ ఇంట్లో, కూర్చోడానికి కుర్చీ కూడా లేని చోట, ఇద్దరు మనుషులు నిలబడి నింపాదిగా టీ తాగారు. కత్తులు దూసుకునేవాళ్ళు చేసే పని కాదది.

వంటింట్లో వెనక తలుపుకి లోపలివైపు గడియ తీసి ఉంది. తలుపు తోశాను. వేలెడంత కదిలి, దేనికో కొట్టుకుని ఖంగుమంది. ఇంటి పక్కనుంచి చుట్టూ తిరిగి పెరట్లోకి వెళ్ళాను. తలుపుకి ఆనించి ఇనుప బీరువా నిలబడి ఉంది. సోమవారం రాత్రి వానకి దాని కాళ్ళు బురదలో దిగబడి, ఆ బురద కాళ్ళచుట్టూ ఎండి గట్టిపడింది. ఎక్కడా పగుల్లేదు. వాన తర్వాత దాన్ని ఎవరూ కదపలేదు. ఆఫీసరు మంగళవారం సాయంత్రం దాకా బ్యాంకులోనే ఉన్నాడని స్టేషన్లో విన్నాను.

తిరిగొచ్చి బాత్రూంలోకి వెళ్ళాను. కరెంటు తీసేశారు కాబట్టి టార్చి వేశాను. శవం పడిన చోట సుద్ద గీత. మూలన సగం నీళ్ళున్న బక్కెట్టు, అంచుకి తగిలించిన మగ్గు. గోడకి హీటరు, దాని పొగగొట్టం మెడ దగ్గర ఊడి వేలాడుతోంది. గుమ్మం లోపల గోడవారగా ఆఫీసరు తోలు చెప్పులు ఇంకా అలాగే ఉన్నాయి. తిరగేసి చూశాను. అడుగున చెమ్మ మరక లేదు, అట్ట ఉబ్బలేదు. ఇక తూము దగ్గర కూర్చుని జాలీ ఎత్తాను. జాలీ కింద ఉన్నది చూసి, నాకు నవ్వు ఆగలేదు.

“దొరికిందా నిధి?” గుమ్మంలోంచి ఇస్త్రీ గొంతు. భోంచేసి, మూతి తుడుచుకుని, మడత చెడకుండా వచ్చాడు. “నాకు కోర్టుకి టైమవుతోంది.”

“ఆఫీసరు లోపలికెలా వచ్చాడన్నావు?”

“ముందు తలుపు సీలు చెక్కుచెదరకుండా ఉంది, ముగ్గురు సాక్షులు. వెనక తలుపు గడియ తీసుంది. అప్పుడప్పుడూ వచ్చి వాడుకోడానికి సోమవారమే ఆఫీసరు దాన్ని తీసి పెట్టుకున్నాడు. మంగళవారం వచ్చాడు, స్నానం చేశాడు, గ్యాసు పీల్చి పోయాడు. ఇది చిన్నపిల్లలకి కూడా తెలుస్తుంది.”

“గడియ చూశావు. తలుపు తోశావా?”

అతను వంటింట్లోకి వెళ్ళాడు. ఖంగుమన్న చప్పుడు వినపడింది. ఇంకోసారి తోశాడు. మూడోసారి భుజం పెట్టినట్టున్నాడు, ఇల్లంతా మోగింది. వచ్చేసరికి మొహం గంటుపెట్టుకుని ఉన్నాడు.

“సరే. ఎలాగో వచ్చాడు. స్నానమైతే చేశాడు కదా, ఒంటిమీద సబ్బుంది. చచ్చింది గ్యాసుకే.”

“ఇలా వచ్చి కూర్చో.”

“ఎందుకు?”

“రమ్మంటున్నా కదా.”

ప్యాంటు మోకాళ్ళ దగ్గర జాగ్రత్తగా పైకి లాక్కుని నా ఎదురుగా గొంతుక్కూర్చున్నాడు. నేను తూము మీదికి వంగి, బుగ్గలు పూరించి ఊదాను. బూడిదరంగు దుమ్ము లేచి అతని ప్యాంటు మీద, చొక్కా మీద, మీసాల మీద పడింది. నాకు కలిగిన ఆనందం దాచుకోను. ఎన్నో ఏళ్ళుగా బాకీపడ్డ ఆనందం అది.

“ఏం చేస్తున్నావు?” అని అరుస్తూ లేచాడు.

“నేను కాదు, మేస్త్రి చేశాడు. పైన, చుట్టూ పొడి సిమెంటు చల్లానని నీ ముందే చెప్పాడు. నీళ్ళు తగిలితే సిమెంటు ఏమవుతుంది? గడ్డకడుతుంది. చుట్టూ చల్లింది ఇంకా పొడిగా ఉంది, ఊదితే లేస్తోంది. ఈ తూము సోమవారం తెల్లవారుజామునే మూసుకుపోయింది. ఇక్కడ ఒక్క మగ్గు పోసుకున్నా నీళ్ళు పోయే దారి లేక నేలంతా నిలవాలి. ఈ పొడి తడవాలి, ఆ చెప్పులు నానాలి. ఈ హీటరు నీళ్ళు ధారగా పారుతుంటేనే వెలుగుతుంది. నీళ్ళు పారలేదు కాబట్టి అది వెలగలేదు. గ్యాసు లేదు, స్నానం లేదు. ఎవరో అతని ఊపిరి ఆపి, తడిగుడ్డతో ఒళ్ళు తుడిచి, సబ్బు రాసి, బక్కెట్లో నీళ్ళు పెట్టి, పొగగొట్టం ఊడలాగి, వెనక తలుపు గడియ తీసిపెట్టి పోయారు. తలుపు తీసేనాటికి నేల ఎలాగూ ఆరిపోతుంది కదా, ఎవరడుగుతారులే అనుకున్నారు. తూములో సిమెంటుందని వాళ్ళకి తెలీదు. తెలిసిన మనిషి ఒక్కడే, వాణ్ణి నువ్వు లాకప్‌లో పెట్టావు.”

ఇస్త్రీ మీసాలు తుడుచుకోవడం ఆపేశాడు. మనిషి పొగరుబోతే గానీ మందబుద్ధి కాదు.

“వెనక తలుపు తెరుచుకోదు,” అన్నాడు నెమ్మదిగా. “అంటే ముందు తలుపులోంచే వచ్చారు. సీలు తీసి, పని ముగించి, మళ్ళీ సీలు వేశారు. ఆ ముద్ర...”

“ఎవరి దగ్గరుంటుంది?”

అతను బయటున్న కానిస్టేబుల్ని పిలిచి కోర్టుకి పంపాడు. నాకూ ఆ పేరు నోటితో అనాలనిపించలేదు.

కబురు పంపిన కాసేపటికే అమీనా వచ్చారు. పలచటి మనిషి, భుజానికి గుడ్డసంచి, చేతిలో ఫ్లాస్కు. గేటు దగ్గర మేస్త్రి భార్యని చూసి ఆగి, ఏదో అనబోయి, తల దించుకుని లోపలికొచ్చారు.

“నమస్కారమమ్మా. ఏదో అడగాలన్నారట.”

ఫ్లాస్కు కిటికీ అరుగు మీద పెట్టారు. దాని స్టీలు మూత దుమ్ములో ఉన్న మరకకి సరిగ్గా సరిపోయింది. ఆయనా చూశారు, నేనూ చూశాను. ఆయన ఫ్లాస్కు పక్కకి జరపలేదు.

ఈయన కాకుండా ఇంకెవరైనా అయితే బాగుండునని నాకు అప్పటికీ ఉంది. అందుకే తప్పుకోడానికి దారి ఇచ్చాను.

“మీ సీలు ముద్ర ఎప్పుడైనా ఎక్కడైనా మర్చిపోయారా? ఆఫీసులో బల్ల మీద వదిలేయడం, ఎవరికైనా ఇవ్వడం?”

“ఇరవై ఏళ్ళ సర్వీసులో అది నా చెయ్యి దాటలేదమ్మా,” అన్నారు ఆయన. చొక్కా లోపలి జేబులోంచి ఇత్తడి ముద్ర తీసి అరచేతిలో పెట్టి చూపించారు. ఆ గొంతులో ఉన్నది పౌరుషం. ఉద్యోగం మీద మాట పడనివ్వని పౌరుషం. ఆ మాటతో తన మెడకి తనే ఉరి బిగించుకుంటున్నానని ఆయనకి తెలుసు.

“మంగళవారం కూడా?”

“మంగళవారం కూడా.” ఫ్లాస్కు మూతలోకి టీ వంపుకున్నారు. ఇస్త్రీ చెయ్యి తుపాకీ మీదికి పోయింది. అమీనా నవ్వారు. “భయపడకండి సార్. ఇందులో ఏమీ కలపలేదు. ఆ రోజు కలిపింది వేరు. కొత్త బేరం ఉంది, ఒకసారి రండి అంటే వచ్చాడు. ఇక్కడే నిలబడి టీ తాగాడు. ఆ తర్వాత నిలబడలేకపోయాడు. మిగిలింది మీరు కనిపెట్టేసినట్టున్నారు. మేస్త్రిని వదిలెయ్యండి.”

“ఎందుకు చేశారు?” అన్నాను.

ఆయన టీ తాగి మూత బిగించారు.

“రెండేళ్ళ కిందట మా చెల్లెలి ఇంటికి ఆర్డరొచ్చిందమ్మా. వేరేవాళ్ళని పంపమంటే పంపేవాళ్ళు. ఇంకొకడైతే దురుసుగా మాట్లాడతాడేమో, నేనైతే మెల్లగా చేస్తానని నేనే వెళ్ళాను. సామాను దింపించాను. మీ చెల్లెలు పక్కింటికి వెళ్ళింది, మీ మొహం చూడలేక, అని ఈ ఆఫీసరే చెప్పాడు. నమ్మి తాళం వేయించి, సీలు వేశాను. అది సామాన్ల గదిలో ఉంది. నిద్రమాత్రలు మింగి పడుకునుంది. మూడోరోజు పాటగాడు ఇల్లు చూస్తానంటే నేనే సీలు తీశాను.” చొక్కా జేబు తడుముకున్నారు. “సీలు వేసేటప్పటికి బతికే ఉందని డాక్టరు అన్నాడు. ఒక్కసారి పిలిచుంటే పలికేదేమో. నేను పిలవలేదు. గుమ్మంలో వాళ్ళిద్దరూ ముక్కు మూసుకుని నిలబడ్డారు. ‘అయ్యో, దీని రేటు పడిపోయిందే’ అన్నాడు ఆఫీసరు. పాటగాడు నవ్వాడు. ఆ నవ్వు రెండేళ్ళుగా నా చెవుల్లోనే ఉంది.”

గుమ్మం అవతల తాళాలాయన సంచి కింద పెట్టి గోడ పట్టుకున్నాడు.

“ప్రమాదం అనుకుంటారనుకున్నా,” అన్నారు అమీనా. “మేస్త్రి మీదికి పోతుందనుకోలేదు. పోయాక కూడా వెంటనే నోరు విప్పలేదు, అది నా తప్పే. సాయంత్రం కోర్టులో నేనే చెప్పేద్దామనుకున్నా. ఒక పని మిగిలుండి ఆగాను.”

“ఏం పని?” అన్నాడు ఇస్త్రీ.

అప్పుడు పడింది నా బుర్రలో. పొద్దున్నుంచి ఫోను ఎత్తని పాటగాడు. అందరికన్నా ముందే వెళ్ళి గుమ్మంలో నిలబడ్డ అమీనా. మర్చిపోయారు పాపం, అని తాళాలాయన జాలిపడిన పిలుపు.

“ఇవాళ పొద్దున ఎందుకు పిలవలేదు?” అని అడిగాను.

అమీనా నా కళ్ళలోకి సూటిగా చూశారు.

“పిలిస్తే పలుకుతాడేమోనని.”

ఇస్త్రీ ఆయన కాలరు పట్టుకున్నాడు. “ఎన్ని మాత్రలు కలిపావు? చెప్పు! ఏ గదిలో పెట్టావు?”

“తొందరెందుకు సార్? కోర్టు సీలు అది. తియ్యాలంటే కోర్టు హుకుం కావాలి. ఇప్పుడు అర్జీ పెట్టినా హుకుం వచ్చేది సోమవారమే.” అంత మెత్తగా అన్నారు ఆ మాట, ఇరవై ఏళ్ళుగా ఇళ్ళు పోయినవాళ్ళకి చెప్పిన గొంతుతోనే.

అమీనాని కానిస్టేబుల్‌కి అప్పగించి పరుగెత్తాం. ముందు తాళాలాయన, వెనక నేను, నా వెనక సిమెంటు దుమ్ముతో ఇస్త్రీ. గేటు దాటుతుంటే మేస్త్రి భార్య కూడా మా వెంట పడింది. కిటికీ తెరిచే ఉంది కాబట్టి ఆవిడ మొత్తం వింది.

మూడు వీధుల అవతల ఇల్లు. కిటికీలకి ఇనుప ఊచలు, లోపలినుంచి మూసిన రెక్కలు. తలుపు మీద కొత్త తాళం, దాని మీద ఎర్రగా మెరుస్తున్న లక్క. ఇస్త్రీ ఫోను చెవికి పెట్టుకుని అటూ ఇటూ తిరుగుతున్నాడు.

“మేజిస్ట్రేటు ఎత్తట్లేదు. నేను దీన్ని ముట్టుకుంటే కోర్టు ధిక్కారం. నా ఉద్యోగం...”

“మనిషి చస్తున్నాడయ్యా లోపల!”

“తెలుసు! ఒక్క నిమిషం ఆగు.”

తాళాలాయన సంచిలోంచి నేను సుత్తి తీశాను. ఎత్తేలోపే మేస్త్రి భార్య దాన్ని నా చేతిలోంచి లాక్కుంది.

“నువ్వుండక్కా.”

ఆవిడ మొహం చూస్తే, సుత్తి అవతలికి విసిరేసి గుమ్మానికి అడ్డం కూర్చుంటుందేమో అనిపించింది. కూర్చున్నా నేను తప్పుపట్టేదాన్ని కాదు. లోపలున్నది ఆవిడ ఇల్లు పాడుకున్నవాడు.

“వీడు చస్తే అమీనా గారి పగ తీరుతుంది,” అంది. “నాది తీరదు. చచ్చినవాడు ఏం చెబుతాడు? వాడు బతకాలి. ఆఫీసరూ, తనూ కలిసి మా ఇళ్ళు ఎలా కొట్టేశారో, ఒక్కొక్క ఇల్లూ ఎలా కొట్టేశారో, కోర్టులో పదిమంది ముందు వాడి నోటితోనే చెప్పాలి. చెబుతుంటే నేను ఎదురుగా కూర్చుని వినాలి.”

ఒక్క దెబ్బకి లక్క పగిలి గడప మీద రాలింది. తాళాలాయన తను పొద్దున బిగించిన తాళం తనే తీశాడు. తలుపు తెరుచుకుంది. ముందు గది ఖాళీ. నడవా ఖాళీ. చివర్న మూడు మూసిన తలుపులు కనిపించాయి.

“లోపల ఎవరైనా ఉన్నారా?” అని అరిచాను.

ఏమీ లేదు.

“లోపల ఎవరైనా ఉన్నారా?”

నా గొంతే ఖాళీ గోడలకి కొట్టుకుని తిరిగొచ్చింది. మూడోసారి పిలిచాను. సామాన్ల గది తలుపు వెనక, కింద నేల దగ్గర, గోళ్ళతో గీరినట్టు చిన్న చప్పుడు. మళ్ళీ ఇంకోసారి.

ఇస్త్రీ భుజంతో ఆ తలుపు మీద పడ్డాడు. మేస్త్రి భార్య సుత్తిని నెమ్మదిగా గోడవారగా పెట్టింది.

“జాగ్రత్తగా లేపండి సార్,” అంది. “వాడితో నాకు చాలా పనుంది.”